కెమెరా వద్దంటున్న మనవాళ్ళకి ఒక మద్రాసాయన మాట

 

ఈ పోస్టు పొడుగ్గా ఉంటుంది. నా పోస్టులు పొడుగని గ్రూపులో నవ్వుకుంటారని నాకు తెలుసు. ముప్పై ఏడేళ్ళు బాంబే సెంట్రల్ పార్సిల్ ఆఫీసులో రసీదు మీద నాలుగు ముక్కలకు మించి రాయనివ్వలేదు. ఇప్పుడన్నా రాసుకోనివ్వండి. ఓపిక లేనివాళ్ళు ఇక్కడే ఆపి గుడ్ నైట్ బొమ్మ పెట్టుకోవచ్చు.

సంగతి ఏమిటంటే, పోయిన ఆదివారం మన సంఘం మీటింగులో రెండు తీర్మానాలు అయ్యాయి. ఒకటి, మ్హాడా వాళ్ళు గల్లీలు పడగొట్టేలోపల ఇక్కడ డాక్యుమెంటరీ తీసుకుంటామని ఒక విదేశీ టీము రాసిన ఉత్తరానికి 'వద్దు' అని జవాబు. ఐదు నిమిషాలు పట్టలేదు. రెండోది, మన డబ్బుతో మనమే కామాఠిపుర తెలుగువాళ్ళ చరిత్ర మీద గంట సినిమా తీయించుకోవాలని. దానికి చప్పట్లు. కానీ దానిలో 'ఆ సంగతి' ఉండకూడదట. ఏ సంగతో ఎవరూ నోటితో అనలేదు. అందరికీ అర్థమైంది. నేను లేచి ఏదో చెప్పబోతే "మద్రాసాయనా, మీరు కూర్చోండి, తెల్లోళ్ళ కెమెరాలన్నీ ఒకటే" అన్నారు ఒక పెద్దమనిషి. ఆయన మీద నాకు గౌరవం ఉంది, పేరు రాయను. కూర్చున్నాను. కూర్చుని ఇంటికొచ్చి ఇది రాస్తున్నాను.

తెల్లోళ్ళ కెమెరాలన్నీ ఒకటి కాదు. అదొక్కటే చెప్పి ఆగిపోవచ్చు, కానీ మీరు నమ్మరు. అందుకే కిమ్ లాంగినోటో అనే ఒక బ్రిటిష్ ఆవిడ గురించి చెప్పాలి. ముందు మాత్రం మీ కోపం గురించి. ఎందుకంటే ఆ కోపం నాదీనూ.

మన పేటకి పేరు మన వల్ల వచ్చింది. 1780ల్లో హార్న్‌బీ వెల్లార్డ్ కట్టి సముద్రపు నీటికి అడ్డం వేశాక, ఆరిన బురద నేల మీద గుడిసెలు వేసుకున్నది నిజాం ఇలాకా నుంచి కాలినడకన వచ్చిన కూలీలు. కామాఠీలు. పాలమూరు, నల్గొండ, కరీంనగర్, నిజామాబాద్ వైపు నుంచి వచ్చిన మన తాతముత్తాతలు. ఈ ఊరి రోడ్లలో, గోడల్లో, రేవుల్లో వాళ్ళ చెమట ఉంది. కూలీగా వచ్చి కాంట్రాక్టర్లయినవాళ్ళూ ఉన్నారు. పూనాలో 1873లో ఫులే పెట్టిన సత్యశోధక్ సమాజానికి బొంబాయిలో భుజం కాసినవాళ్ళలో వ్యంకు బాలోజీ కాలేవార్, జాయా కరాడీ లింగు, నాగూ సయాజీ, రామయ్య వెంకయ్య అయ్యవారు ఉన్నారు. మరాఠీ పుస్తకాల్లో ఈ పేర్లు దొరుకుతాయి. మన పిల్లల్ని అడిగితే ఒక్కటి చెప్పరు. అది వేరే పోస్టు.

అలాంటి పేట పేరు చెబితే లోకానికి గుర్తొచ్చేది ఏమిటి? ఇనప ఊచల వెనక ఆడవాళ్ళు. దానిలో మన తప్పెంత? ఆ వ్యాపారం ఇక్కడ కుదురుకున్నది దొరల కాలంలో, దొరల పోలీసు కళ్ళ ముందు. సుఖ్లాజీ స్ట్రీటుని 'సఫేద్ గల్లీ' అనేవాళ్ళు, ఎందుకంటే అక్కడ ఉన్నది యూరపు నుంచి వచ్చిన తెల్ల ఆడవాళ్ళు. ఇప్పుడు కెమెరా భుజాన వేసుకుని వచ్చే తెల్లవాళ్ళలో ఎంతమందికి ఈ ముక్క తెలుసో నాకు అనుమానమే.

వచ్చినవాళ్ళు ఏం చేశారో కూడా చూశాం. అమెరికా ఫోటోగ్రాఫర్ మేరీ ఎలెన్ మార్క్ ఫాక్‌లాండ్ రోడ్డు మీద 1981లో ఒక రంగుల పుస్తకం వేసింది. మొదట్లో ఆడవాళ్ళు తన మీద చెత్త విసిరారు, నీళ్ళు పోశారు అని ఆవిడే రాసుకుంది. ఏళ్ళ తరబడి వస్తూ పోతూ చివరికి లోపలికి వెళ్ళింది. ఆ ఓర్పుకి దండం పెడతాను. కానీ ఆ పుస్తకంలో ఉన్న ఆడవాళ్ళలో ఎంతమంది ఆ పుస్తకాన్ని చేత్తో పట్టుకుని చూశారు? తర్వాత లండన్‌లో పుట్టిన జానా బ్రిస్కీ, అమెరికా వాడు రాస్ కాఫ్‌మన్ కలిసి కలకత్తా సోనాగచ్చి పిల్లల మీద 'బోర్న్ ఇన్‌టు బ్రాథల్స్' తీశారు. 2005లో ఆస్కారు వచ్చింది. పిల్లల చేతికి కెమెరాలిచ్చింది, మంచి పనే. కానీ ఆ సినిమాలో తల్లులంటే తిట్టేవాళ్ళు, పిల్లల్ని రక్షించేది బయటినుంచి వచ్చిన దొరసాని. సోనాగచ్చిలో ఆ ఆడవాళ్ళకే సొంత సంఘం ఉంది, దర్బార్ అని. వాళ్ళు చేసిన పని సినిమాలో కనపడదు. వాళ్ళు గట్టిగానే అభ్యంతరం చెప్పారు.

తెల్లవాళ్ళే కాదు. 2022లో 'గంగూబాయి కాఠియావాడీ' వచ్చినప్పుడు పేట పేరు మార్చమని హైకోర్టుకి వెళ్ళారు మనవాళ్ళు కొందరు, ఎమ్మెల్యే గారూ వెళ్ళారు. కోర్టు కొట్టేసింది. సినిమా ఆడింది, డబ్బు చేసుకుంది. మన ఆడపిల్లలు కాలేజీలో మళ్ళీ తలొంచుకున్నారు.

నేనూ తలొంచినవాణ్ణే. మా పెద్దమ్మాయికి సంబంధాలు చూసే రోజుల్లో బయోడేటాలో అడ్రసు 'ముంబై సెంట్రల్ (తూర్పు)' అని రాశాను. పన్నెండో గల్లీ అని రాయలేదు. ఒక సంబంధం వాళ్ళు ఇల్లు చూడ్డానికి వస్తూ టాక్సీ వాణ్ణి దారి అడిగారు. వాడు చెప్పిన పేరు విని అటునుంచి అటే వెనక్కి పోయారు. మా ఆవిడ చేసిన బూరెలు చాల్లో అందరికీ పంచాం. కాబట్టి కెమెరా అంటే మీకు ఎందుకు మంటో నాకు పాఠం చెప్పక్కర్లేదు.

అయినా వద్దనడం తప్పంటున్నాను. ఎందుకో చెబుతాను.

లాంగినోటో 1952లో లండన్‌లో పుట్టింది. చిన్నప్పుడు తల్లిదండ్రులు ఆడపిల్లల బోర్డింగు స్కూల్లో పడేశారు. ఆ స్కూలంటే ఆవిడకి ఒళ్ళు మంట. పెద్దయ్యాక కొంతకాలం నిలువ నీడ లేకుండా తిరిగింది. తర్వాత అక్కడి నేషనల్ ఫిల్మ్ స్కూల్లో సీటు వచ్చింది. స్టూడెంటుగా ఉన్నప్పుడే, 1976లో, మొదటి సినిమా తీసింది. దేని మీద? ఆఫ్రికా మీద కాదు, ఇండియా మీద కాదు. ఆ బోర్డింగు స్కూలు మీదే. 'ప్రైడ్ ఆఫ్ ప్లేస్' దాని పేరు. అక్కడి రూల్సు, శిక్షలు, ఆ తిండి, అన్నీ పిల్లల నోటితోనే చెప్పించింది. ఏడాదిలో ఆ స్కూలు మూతపడింది.

ఆగి ఆలోచించండి. మొదటి దెబ్బ సొంత ఇంటి మీద. తన దేశపు మర్యాదస్థుల మీద. రెండోది, 1978లో క్లేర్ పొలాక్‌తో కలిసి తీసిన 'థియేటర్ గర్ల్స్', లండన్ సోహోలో ఇల్లూ వాకిలీ లేని ఆడవాళ్ళ హాస్టల్ మీద. సోహో అంటే లండన్‌కి ఒకప్పుడు మన ఫోరాస్ రోడ్డు లాంటిది. తాగి పడిపోయేవాళ్ళు, మతి చలించినవాళ్ళు, ఒకప్పుడు స్టేజీ మీద ఆడినవాళ్ళు, ముసలివాళ్ళు. ఆ హాస్టల్లోనే ఉండి తీసింది. మన పెద్దమనిషి 'తెల్లోళ్ళు మన కంపునే చూపిస్తారు' అన్నారు కదా. ఈవిడ ముందు వాళ్ళ కంపు చూపించి వచ్చింది.

అప్పుడు గానీ బయటి దేశాలకి పోలేదు. కొన్ని చోట్ల ఆ ఊరి ఆడమనిషిని పక్కన పెట్టుకుంది, జీతానికి కాదు, సమాన దర్శకురాలిగా. ఇరాన్‌లో జీబా మీర్ హుస్సేనీ, కామెరూన్‌లో ఫ్లోరెన్స్ అయిసీ. కెమెరా తనే పట్టుకుంటుంది. సౌండుకి ఇంకొక ఆడమనిషి. అంతే టీము. లైట్లు, గొడుగులు, 'అమ్మా కొంచెం ఏడవండి' అనే డైరెక్టరు ఎవరూ ఉండరు. వెనక నుంచి గంభీరమైన మగ గొంతు 'ఈ చీకటి లోకంలో' అని మొదలెట్టదు.

1998లో వచ్చిన 'డివోర్స్ ఇరానియన్ స్టైల్' నాకు అన్నిటికన్నా ఇష్టం. టెహ్రాన్ ఫ్యామిలీ కోర్టులో ఒక చిన్న గది. ఒక జడ్జి, ఒక క్లర్కమ్మ, టేబులు నిండా ఫైళ్ళు. ఆడవాళ్ళు వస్తారు, విడాకులు కావాలంటారు. బతిమాలతారు, అబద్ధాలాడతారు, అరుస్తారు, ఒకావిడ అయితే జడ్జిని మాటల్లో తిప్పి పారేస్తుంది. పాపం, అణగారిన, నోరు లేని ఇరాన్ ఆడవాళ్ళు అని ఎవరైనా అనుకుని కూర్చుంటే పది నిమిషాల్లో ఆ భ్రమ పోతుంది. ఆ క్లర్కమ్మ చిన్న కూతురు జడ్జి లేనప్పుడు ఆయన కుర్చీ ఎక్కి తీర్పులు చెబుతుంది. గుమాస్తా పని చేసినవాణ్ణి కాబట్టి చెబుతున్నాను, ఆఫీసు అంటే ఏమిటో అంత బాగా చూపించిన సినిమా నేను చూడలేదు.

2002లో కెన్యా, ఆడపిల్లలకి చేసే కోత మీద 'ద డే ఐ విల్ నెవర్ ఫర్గెట్'. దానిలో తల్లిదండ్రుల మీదే కోర్టుకెక్కిన ఆడపిల్లలున్నారు. 2005లో 'సిస్టర్స్ ఇన్ లా', కామెరూన్ కుంబా ఊళ్ళో వేరా ఎన్‌గాసా అనే ప్రాసిక్యూటరు, బీయట్రిస్ ఎన్‌టూబా అనే జడ్జి, ఇద్దరూ ఆడవాళ్ళే, పెళ్ళాల్ని కొట్టినవాళ్ళని నిలబెట్టి కడిగేస్తారు. 2010లో మన దేశం వచ్చి ఉత్తరప్రదేశ్ గులాబీ గ్యాంగు సంపత్ పాల్ మీద 'పింక్ శారీస్'. 2013లో 'సల్మా'. 2015లో షికాగోలో పాతికేళ్ళు ఒళ్ళమ్ముకుని బతికి బయటపడి, ఆ వీధుల్లోకే రాత్రిపూట వ్యాన్ వేసుకుని వెళ్ళి పిల్లల్ని పలకరించే బ్రెండా మైయర్స్ పావెల్ మీద 'డ్రీమ్‌క్యాచర్'. దానికి సన్‌డాన్స్‌లో దర్శకత్వ బహుమతి వచ్చింది.

ఈ వరసలో మీకు ఒక సంగతి కనపడిందా? ఏ సినిమాలోనూ రక్షించేది దొరసాని కాదు. కుంబాలో కుంబా ఆడవాళ్ళే. షికాగోలో బ్రెండా. బ్రిస్కీ సినిమాకీ ఈవిడ సినిమాలకీ తేడా అక్కడ ఉంది.

'సల్మా' గురించి కొంచెం ఎక్కువ చెప్పాలి, ఇక్కడ నాకు మీకన్నా ఒక సౌకర్యం ఉంది. నేను పుట్టింది అరక్కోణంలో, నాన్న రైల్వే షెడ్డులో ఖలాసీ. ఇంట్లో తెలుగు, బళ్ళో అరవం. ఎస్సెల్సీ వరకూ అరవ మీడియమే. కాబట్టి ఆ సినిమా నేను కింద అక్షరాలు చదవకుండా చూశాను. తిరుచ్చి జిల్లా తువరంకురిచ్చిలో ఒక ముస్లిం పిల్ల. పదమూడో ఏట బడి మాన్పించి ఇంట్లో పెట్టేశారు. పెళ్ళయ్యాక అత్తారింట్లోనూ అదే. దొరికిన కాగితం ముక్కల మీద మరుగుదొడ్లో నిలబడి కవిత్వం రాసింది. తల్లి ఆ కాగితాలు దొంగచాటుగా బయటికి చేర్చింది. అచ్చయ్యాయి, సల్మా అనే మారుపేరుతో. 2001లో ఆ ఊరికే పంచాయతీ ప్రెసిడెంటు అయింది. 2004లో 'ఇరండామ్ జామంగళిన్ కదై' నవల వేసింది. నేను అరవంలోనే చదివాను, వీలైతే ఎవరైనా చదవండి. ఇప్పుడు రాజ్యసభ మెంబరు.

లాంగినోటోకి అరవం రాదు. మరి ఆ ఇంట్లో తల్లీ, చెల్లీ, మొగుడూ అలా ఎలా మాట్లాడారు? నాకు అర్థమైనంతవరకూ, ఆవిడ కెమెరాకి తొందర లేదు. తాళం వేసిన తల్లినే కాగితాలు మోసిన తల్లిగా కూడా చూపిస్తుంది. ఆ తల్లి మంచిదా చెడ్డదా అని మనల్ని తేల్చమనదు, తనూ తేల్చదు. ఆ ఆడవాళ్ళు సగం మాట మింగేసేటప్పుడు ఆ మింగిన సగం ఇంగ్లీషు అక్షరాల్లోకి రాలేదు, అది వేరే సంగతి. కానీ ముఖాల మీద ఉంది. కెమెరా పక్కకి తిప్పలేదు కాబట్టి ఉంది.

తప్పులు లేవా? ఉన్నాయి. భాష రాని చోట్లకి వెళ్ళి రెండు మూడు నెలలుండి తీసిన సినిమాలో ఎంత జారిపోతుందో, ఒక భాష రెండో భాషలోకి మోసుకుంటూ బతికినవాణ్ణి నాకు తెలుసు. 'పింక్ శారీస్'లో సంపత్ పాల్ గొప్పలు, కేకలు, ఇంట్లో బాబూజీతో గొడవ అన్నీ పెట్టింది. నిజాయితీయే. కానీ ఆ బాందా జిల్లాలో కులం ఎలా పని చేస్తుందో తెలియని లండన్ ప్రేక్షకుడికి అక్కడ కనపడేది అరిచే ఒక ఆడమనిషి, ఏడ్చే కొందరు పిల్లలు. దూరదేశపు ఆడవాళ్ళ కష్టం అక్కడి టీవీలకి, ఫెస్టివల్స్‌కి ఒక సరుకు. ఆ సరుకు మోసే బండిలో ఈవిడా ఎక్కింది. నేను వెనకేసుకు రావడం లేదు. మన గల్లీల మీద ఆవిడ ఏమీ తీయలేదు కాబట్టి ఆవిడతో నాకు లెక్కా లేదు, అప్పూ లేదు. నేను అడిగేదల్లా, ఉత్తరం రాసిన టీము బ్రిస్కీ రకమా, లాంగినోటో రకమా అని ఒక్క ప్రశ్న వెయ్యకుండా తలుపెందుకు మూశారు? పార్సిల్ విప్పి చూడకుండా 'రిఫ్యూజ్డ్' అని రాసేసినట్టుంది.

ఇది మనకొక్కరికే ఉన్న జబ్బు కూడా కాదు. 1970లో లూయీ మాల్ అనే ఫ్రెంచి ఆయన తీసిన ఇండియా సినిమాలు బిబిసి వేసిందని ఢిల్లీలో బిబిసి ఆఫీసునే మూయించారు. 2015లో లెస్లీ ఉడ్విన్ 'ఇండియాస్ డాటర్' తీస్తే నిర్భయ కేసు దోషి మాటలు వింటే పరువు పోతుందని ఆపేశారు. అతను ఆ మాటలన్నది మన జైల్లో కూర్చుని. పరువు పోయింది ఆ మాటల వల్లా, వాటిని వినిపించినందుకా?

ఇక మన సినిమా సంగతి. ఇక్కడ మీలో కొందరికి కోపం వస్తుంది, రానివ్వండి.

1983లో నాకు బాంబే సెంట్రల్లో పోస్టింగు వచ్చినప్పుడు మన గల్లీలో ఒక తెలుగు కుటుంబం వాళ్ళు ఖోలీలో చోటిచ్చారు. తర్వాత ఆ చాల్లోనే అల్లుణ్ణయ్యాను. వచ్చిన కొత్తలో ఒకరోజు డ్యూటీ దిగి వస్తుంటే ఎదురు బిల్డింగు మెట్ల మీద ఒకావిడ ఆపింది. ముప్పై ఏళ్ళుంటాయేమో. నేను మా వాళ్ళతో తెలుగులో మాట్లాడటం విన్నదట. "అన్నా, ఈ చీటీ జర చదివి పెట్టు" అని ఒక ఇన్‌లాండ్ లెటరు చేతికిచ్చింది. పాలమూరు ముద్ర ఉంది. విప్పాను. గుండ్రటి అక్షరాలు. ఒక్కటీ రాదు. నాకు వచ్చింది అరవ అక్షరాలు, ఇంగ్లీషు అక్షరాలు. నా అమ్మ భాషలో రాసిన ఉత్తరం పట్టుకుని గుడ్డివాడిలా నిలబడ్డాను. ఆవిడ నా ముఖం చూసి, "తెలుగోనివి కాదా?" అని లెటరు వెనక్కి లాక్కుంది. చదవనని, తనని తాకిన కాగితం ముట్టనని అనుకుందో ఏమో. రాదని చెప్పడానికి కూడా నోరు పెగల్లేదు.

తెలుగు అక్షరాలు నేను నేర్చుకున్నది ఇరవై మూడో ఏట, ఆ లెటరు వల్ల. మా మావగారు పలక మీద దిద్దించారు, సినిమా పోస్టర్లు కూడబలుక్కుని చదివాను. ఇప్పుడు మీరు చదువుతున్న ఈ పొడుగు పోస్టులకి మూలం అదే, తిట్టదలుచుకుంటే ఆవిణ్ణి తిట్టండి. ఆరేడు నెలలకి ఆవిడ ఇంకో రెండు ఉత్తరాలు నాతో చదివించుకుంది. రెండిట్లోనూ డబ్బు పంపమనే. తమ్ముడి ఫీజు, ఇంటి పైకప్పు. ఎలా ఉన్నావని ఒక్క ముక్క లేదు. నేను చదువుతూ మధ్యలో 'అక్కా నువ్వు కులాసానా' అని సొంతంగా కలిపాను. ఆవిడ నవ్వింది. "మా తమ్మునికి అట్ల రాసే తెలివి లేదు" అంది.

ఆవిణ్ణి పన్నెండో ఏట ఎల్లమ్మకి ముడుపు కట్టారు. జోగిని. పాలమూరు, నిజామాబాద్ పల్లెల్లో ఎన్ని మాదిగ, మాల ఇళ్ళలో అలా చేశారో మీకు నేను చెప్పాలా? 1988లో ఆంధ్రప్రదేశ్‌లో చట్టం వచ్చింది, ఆవిడకి ఆలస్యంగా వచ్చింది. మన తాతలు తట్ట నెత్తిన పెట్టుకుని వచ్చిన దారినే ఆవిడా వచ్చింది. అదే ఊళ్ళు, అదే బస్సు, అదే కరువు. మనం కామాఠీలమైతే ఆవిడ ఎవరు?

మన సినిమాలో కాలేవార్ గారుంటారు, సరే. బతుకమ్మ ఉంటుంది, బోనాలుంటాయి, గణపతి ఉంటాడు, డాక్టర్లయిన పిల్లలుంటారు. ఉండాలి. ఎదురు మెట్ల మీద కూర్చుని ఇంటి పైకప్పుకి డబ్బు పంపిన పాలమూరు మనిషి ఉండదు. ఆవిడ డబ్బుతో చదివిన తమ్ముడు మాత్రం ఏదో ఊళ్ళో ఏదో సంఘంలో మెంబరుగా ఉంటాడు, మనలాగే. బయటివాళ్ళు మనల్ని చెరిపేసి ఆవిణ్ణే చూపిస్తున్నారని మన బాధ. మనం చేయబోతున్నది ఆవిణ్ణి చెరిపేసి మనల్నే చూపించుకోవడం. ఆ రెండు పనులకీ వాడే రబ్బరు ఒకటే.

మరాఠీకి నామ్‌దేవ్ ఢసాళ్ ఉన్నాడు, 1972లోనే 'గోల్‌పిఠా' రాశాడు, ఈ గల్లీల్లో పెరిగి. ఉర్దూకి మంటో ఉన్నాడు, ఇక్కడికి నడిచొచ్చేంత దూరంలో క్లేర్ రోడ్డులో ఉండేవాడు. తెలుగు కూలీల పేరు పెట్టుకున్న పేట మీద తెలుగులో అలాంటి ఒక పుస్తకం పేరు చెప్పండి, నేను కొని అందరికీ పంచుతాను.

కొందరు తమ్ముళ్ళు వాట్సాప్‌లో అడిగారు, 'అంకుల్, అయితే ఎవడొచ్చినా లోపలికి రానివ్వాలా?' అని. కాదు నాయనా. నేను గుమాస్తాని, ఫారం లేకుండా పెట్టె కూడా కదలనివ్వను. వచ్చేవాళ్ళు కెమెరా లేకుండా ముందు నెల రోజులు గల్లీలో తిరగాలి. సంతకం కాగితం తెలుగులో, హిందీలో, బెంగాలీలో, నేపాలీలో ఉండాలి, చదివి వినిపించాలి. రాత్రిపూట కిటికీల్లోంచి దొంగచాటుగా తీయడం కుదరదు. పిల్లల ముఖాలు వద్దు. మన ఆడపిల్ల ఒకతి వాళ్ళతో సమానంగా, పేరు తెర మీద పడేలా పని చేయాలి. మీడియా చదువుతున్న పిల్లలు మన చాల్లోనే ముగ్గురున్నారు, వాళ్ళని అడిగారా ఎవరైనా? సినిమా పూర్తయ్యాక లండన్ కన్నా ముందు ఇక్కడ, గణపతి మండపం వేసే చోట తెర కట్టి చూపించాలి. వద్దన్నవాళ్ళ ముక్క తీసేయాలి. ఇవి ఒప్పుకోకపోతే అప్పుడు గేటు చూపిద్దాం, నేనే ముందుంటాను.

ఈ షరతులు మన సినిమాకీ వర్తిస్తాయి. ఎదురు బిల్డింగు ఆడవాళ్ళలో ఇంకా ఇక్కడే ఉన్న ముసలివాళ్ళు నాకు తెలిసి కొందరున్నారు. బిల్డింగులు పడగొట్టాక అద్దె రసీదు ఉన్నవాడికి కొత్త ఫ్లాటు వస్తుంది. పేయింగ్ గెస్టులా మంచానికి రోజు లెక్కన కట్టి ముప్పై ఏళ్ళున్న మనిషి దగ్గర ఏ రసీదు ఉంటుంది? వాళ్ళెక్కడికి పోతారో మన తీర్మానాల పుస్తకంలో ఒక్క లైను లేదు. సినిమాలోనన్నా అడుగుదాం, మీరు ఇక్కడ ఎన్నేళ్ళున్నారమ్మా అని. కెమెరా ముందు చెప్పిన మాట రేపు ఏ ఆఫీసు ముందైనా పనికొస్తుందేమో. పనికిరాకపోయినా పోయేదేముంది?

కమిటీని నేను కోరేది, ఆ టీముకి పంపిన జవాబు ఆపి, మళ్ళీ మీటింగు పెట్టమని. వచ్చే ఆదివారం సాయంత్రం ఐదింటికి మా ఖోలీలో మా అబ్బాయి లాప్‌టాప్ మీద 'సల్మా' వేస్తాను. కింద ఇంగ్లీషు అక్షరాలు చదవక్కర్లేదు, అరవం నేను తెలుగులోకి చెబుతూ పోతాను, ఆపమన్న చోట ఆపుతాను. పన్నెండు మంది పడతారు, ఇంకా వస్తే గ్యాలరీలో కుర్చీలేద్దాం. నన్ను కూర్చోమన్న పెద్దమనిషికి మా ఆవిడ ప్రత్యేకంగా చెప్పమంది, బూరెలు చేస్తుందట.